అయితే, అయితేనే

మా అక్క కూతురు ఈమధ్యే బీటెక్‌లో చేరింది. మొన్న రాత్రి డిస్క్రీట్ మ్యాథ్స్ పుస్తకం పట్టుకొచ్చి "మామయ్యా, ఇది రాసినవాళ్ళకి బుర్ర ఉందా?" అంది. చూస్తే "త్రిభుజానికి నాలుగు భుజాలుంటే చతురస్రానికి ఐదు భుజాలుంటాయి" అన్న వాక్యం, పక్కన జవాబు: సత్యం. రెండు ముక్కలూ అబద్ధాలే అయినప్పుడు కలిపితే నిజమెలా అవుతుందని దాని గోల. అత్తకు మీసాలుంటే మామ అయ్యేదని మీ అమ్మమ్మ అన్నప్పుడు అది అబద్ధమని ఎప్పుడైనా పోట్లాడావా అన్నాను. మొదటి ముక్క నిజమై రెండోది అబద్ధమైతేనే అలాంటి వాక్యం తప్పుతుంది, మిగతా మూడు సందర్భాల్లోనూ సత్యమే. త్రిభుజానికి నాలుగో భుజం రాదు, అత్తకు మీసాలూ రావు.

దాంతో నాకు నా పదో తరగతి గుర్తొచ్చింది. మాకప్పుడు ప్రవచనాలు (అంటే నిజమో అబద్ధమో తేల్చగల వాక్యాలు), సమితులు అని లెక్కల పాఠం ఉండేది. "ఈ పటం దీర్ఘచతురస్రం మరియు సమచతుర్భుజం" అనేదానికి వ్యతిరేకం రాయమంటే "దీర్ఘచతురస్రమూ కాదు, సమచతుర్భుజమూ కాదు" అని రాసి మార్కు పోగొట్టుకున్నాను. తెలుగులో నోటికి అలాగే వస్తుంది మరి! కానీ సమచతుర్భుజమంటే నాలుగు భుజాలూ సమానంగా ఉండేది కాబట్టి ఆ రెండూ అయ్యేది చతురస్రం ఒక్కటే, ఏ ఒక్కటి తప్పినా చతురస్రం కాకుండా పోతుంది. నోట్‌బుక్ కాగితాన్నే తీసుకోండి, అది దీర్ఘచతురస్రమేగానీ సమచతుర్భుజం కాదు కాబట్టి అసలు వాక్యమూ అబద్ధమే, నేను రాసిన వ్యతిరేకమూ అబద్ధమే. అలా కుదరదు కదా. "దీర్ఘచతురస్రం కాదు లేదా సమచతుర్భుజం కాదు" అని రాయాల్సింది. ఈ సూత్రానికి ఎవరి పేరు పెట్టారో ఆ గణితవేత్త డిమోర్గాన్ 1806లో పుట్టింది మన మధురైలోనే, పసివాడుగా ఉండగానే ఇంగ్లండ్ తీసుకెళ్ళిపోయారు.

అన్నిటికన్నా నాకు ముచ్చటేసేది తెలుగులో ఒక్క 'ఏ' చేసే పని. "చతురస్రమైతే నాలుగు భుజాలూ సమానం" నిజం. "చతురస్రమైతేనే నాలుగు భుజాలూ సమానం" అబద్ధం, సమచతుర్భుజానికీ సమానమే కాబట్టి. కర్ణాల దగ్గర ఇది తిరగబడుతుంది. "చతుర్భుజంలో కర్ణాలు సమానమైతే అది దీర్ఘచతురస్రం" అంటే తప్పు, సమాంతరం కాని భుజాలు రెండూ సమానంగా ఉన్న సమలంబ చతుర్భుజం అడ్డొస్తుంది, దాని కర్ణాలూ సమానమే. "సమానమైతేనే" అంటే మాత్రం ఒప్పు.

'అయితే', 'అయితేనే' రెండూ నిజమయ్యేది ఉందా అని మా మేనకోడలు అడిగింది. కర్ణాలు వదిలేసి కోణాలు పట్టుకో అన్నాను. చతుర్భుజంలో నాలుగు కోణాలూ సమానమైతే అది దీర్ఘచతురస్రం, సమానమైతేనే దీర్ఘచతురస్రం.

అది కాసేపు ఆలోచించి వంటింట్లోకి చూస్తూ అరిచింది: "అమ్మా! హోంవర్క్ అయితేనే ఫోన్ ఇస్తానని స్కూల్లో ఉన్నన్నాళ్ళూ అన్నావు. అయితే ఇస్తానని ఒక్కసారి కూడా అనలేదు కదా!"