పాత పీసీ గేములకు సరైన మెషీన్ వెతకడం: ఇప్పటిదాకా అయిన పని

మే

డిగ్గర్, వింగ్ కమాండర్, ప్రిన్స్ ఆఫ్ పర్షియా, డూమ్, క్వేక్, ఏజ్ ఆఫ్ ఎంపైర్స్, నీడ్ ఫర్ స్పీడ్ 2. ఇంట్లో ఫ్లాపీలుగా, సీడీలుగా మిగిలినవాటిలో నాకు బాగా కావాల్సినవి ఇవి. వీటన్నిటినీ ఇప్పటి ల్యాప్‌టాప్ మీద ఆడుకోవాలి. తెర మీద ఏదో ఒకటి కదిలితే చాలనుకుంటే ఒక ఆదివారంలో తేలిపోయే పని ఇది. నాకు కావాల్సింది అంతకంటే ఎక్కువ. ప్రతి గేమునూ రాసినవాళ్లు ఫలానా మెషీన్‌ని దృష్టిలో పెట్టుకునే రాశారు. దాని మీద గేమ్ ఎంత వేగంగా కదిలేదో, బొమ్మ ఎంత పొడుగ్గా కనిపించేదో, సంగీతం ఎలా మోగేదో, అచ్చం అలాగే రావాలి.

నా దగ్గరున్నది విండోస్ 11 ల్యాప్‌టాప్. 16 జీబీ ర్యామ్, విడిగా గ్రాఫిక్స్ కార్డు లేదు. దీంట్లో డాస్ గేమ్ మీద డబుల్ క్లిక్ చేస్తే ఏమీ జరగదు. డాస్ ప్రోగ్రాములు 16-బిట్‌వి. వాటిని విండోస్ లోపల నడపడానికి 386 ప్రాసెసర్‌తో వర్చువల్ 8086 అనే మోడ్ వచ్చింది. ప్రాసెసర్ 64-బిట్ మోడ్‌లోకి వెళ్లాక ఆ మోడ్ ఉండదు. అందుకే 32-బిట్ విండోస్‌లో డాస్ ప్రోగ్రాములను నడిపే భాగం ఉండేది గానీ, 64-బిట్ విండోస్‌లో లేదు. విండోస్ 11కి అసలు 32-బిట్ వెర్షనే రాలేదు. కాబట్టి పాత పీసీని సాఫ్ట్‌వేర్‌తోనే కట్టుకోవాలి.

ఈ నెలంతా డిస్కులతోనే గడిచింది. ఫ్లాపీలు విజయవాడలో అమ్మావాళ్ల ఇంట్లో అట్టపెట్టెలో ఉండిపోయాయి. అక్కడి ఉక్కకి సగం వాటికి బూజు పట్టింది. బూజు పట్టిన ఫ్లాపీని అలాగే డ్రైవ్‌లో పెట్టకూడదు. బూజు డ్రైవ్ హెడ్‌కి అంటుకుంటుంది, తర్వాత పెట్టే మంచి డిస్కుని కూడా గీరేస్తుంది. మూత పక్కకి జరిపి, ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌లో తడిపిన దూదిపుల్లతో డిస్కుని నెమ్మదిగా తిప్పుతూ రెండు వైపులా తుడిచి, పూర్తిగా ఆరాకే చదివించాను. మధ్యమధ్యలో హెడ్‌నీ తుడవాలి. యూఎస్‌బీ ఫ్లాపీ డ్రైవ్ సికింద్రాబాద్‌లో కంప్యూటర్ సామాన్లు దొరికే సీటీసీలో ఒక సెకండ్‌హ్యాండ్ షాపులో దొరికింది. 1.44 ఎంబీ డిస్కులకి అది చాలు. లినక్స్‌లో డీడీరెస్క్యూ అనే ప్రోగ్రామ్‌తో ఇమేజ్ (డిస్కులో ఉన్నదంతా ఒకే ఫైల్‌గా) తీస్తే, చదవలేని సెక్టార్ల దగ్గర ఆగిపోకుండా ముందు మిగతాదంతా తీసుకుని, ఆ తర్వాత పాడైనవాటి దగ్గరికి మళ్లీ వస్తుంది. గీతలు పడ్డ సీడీలకీ ఇదే పద్ధతి.

సీడీల విషయంలో ఒక జాగ్రత్త. క్వేక్ లాంటి గేముల్లో మొదటి ట్రాక్ డేటా, మిగతావి మామూలు ఆడియో సీడీలో ఉండేలాంటి పాటల ట్రాకులు. ఐఎస్‌ఓ అనే మామూలు ఇమేజ్ ఫైల్‌గా తీస్తే డేటా ఒక్కటే వస్తుంది. గేమ్ ఆడుతుంది కానీ సంగీతం ఉండదు. ఇలాంటివాటిని బిన్, క్యూ అనే రెండు ఫైళ్ల జతగా తీయాలి. ఇమ్‌గ్‌బర్న్ అనే సీడీ ప్రోగ్రామ్‌లో రీడ్ చేస్తే, ఒకటికంటే ఎక్కువ ట్రాకులున్న సీడీకి తనే అలా ఇస్తుంది. డాస్ ఉన్న పాత పీసీని నకలు చేసే డాస్‌బాక్స్ అనే ప్రోగ్రామ్‌లో మౌంట్ చేసేటప్పుడు క్యూ ఫైల్‌నే చూపించాలి.

జూన్

డాస్ గేములకి డాస్‌బాక్స్‌లోనే స్టేజింగ్ అనే కొత్త రకం పెట్టుకున్నాను. మామూలు డాస్‌బాక్స్ కూడా బాగానే పనిచేస్తుంది. కానీ స్టేజింగ్‌లో పాత మానిటర్‌లా కనిపించేలా చేసే షేడర్లు, మిడీ సంగీతం (స్వరాల సూచనలు చదివి వాయించేది) లోపలే ఉంటాయి, వేరే ప్రోగ్రాములు తగిలించే పని తప్పుతుంది. ఒక్కో గేముకి ఒక్కో ఫోల్డర్ పెట్టి, ప్రతి ఫోల్డర్‌లోనూ విడిగా కాన్ఫిగ్ ఫైల్ ఉంచాను. అన్నిటికీ కలిపి ఒకే కాన్ఫిగ్ పెట్టడం కుదరదు. దానికి కారణం వేగం.

తొలినాళ్ల పీసీ అంటే 4.77 మెగాహెర్ట్జ్ 8088 ప్రాసెసర్. ఆ తర్వాత వరసగా 286, 386, 486, పెంటియం. అప్పటి గేముల్లో చాలావాటికి గడియారం చూసే అలవాటు లేదు. గీయడం, జరపడం, మళ్లీ గీయడం, ప్రాసెసర్‌కి ఎంత చేతనైతే అంత. అందుకని మెషీన్ మారితే ఆట వేగమూ మారిపోయేది. 1990 నాటి వింగ్ కమాండర్‌ని పెంటియం మీద నడిపితే, శత్రువు ఓడ కంటికి ఆనేలోపే పోరాటం ముగిసిపోతుంది. పాత క్యాబినెట్ల ముందు టర్బో బటన్ ఉండేది ఈ తేడాను సర్దుకోవడానికే.

డాస్‌బాక్స్‌లో ఆ బటన్ పని చేసేది సైకిల్స్ సెట్టింగ్. ఒక్క మిల్లీసెకనులో ఎన్ని ఇన్‌స్ట్రక్షన్లు నడపాలో చెప్పే అంకె అది. 8088కి సుమారు 300, 12 మెగాహెర్ట్జ్ 286కి 1500, 33 మెగాహెర్ట్జ్ 386కి 6000, 66 మెగాహెర్ట్జ్ 486కి 25000, పెంటియం 90కి 50000. ఇవి ఉజ్జాయింపు లెక్కలే. అసలు ప్రాసెసర్‌లో ఒక్కో ఇన్‌స్ట్రక్షన్‌కి ఒక్కో సమయం పడుతుంది, డాస్‌బాక్స్ అన్నిటినీ సమానంగా లెక్కేస్తుంది. కాబట్టి అంకె దగ్గర మొదలుపెట్టి, ఆడుతూనే కంట్రోల్ ఎఫ్11తో తగ్గిస్తూ, కంట్రోల్ ఎఫ్12తో పెంచుతూ సరిచూసుకోవాలి. కుదిరాక ఆ అంకెను కాన్ఫిగ్‌లో రాసేయాలి.

డిగ్గర్‌కి 300 పెట్టి మా అన్నయ్యను కూర్చోబెట్టాను. స్కూలు ల్యాబ్‌లో ఇది ఎక్కువ ఆడింది తనే. కాసేపు ఆడి, "కొంచెం బరువుగా ఉందిరా, ఇంకాస్త పెంచు" అన్నాడు. ల్యాబ్‌లో ఉన్నవి 8088లు కావు, 286లు. తను గుర్తుపెట్టుకున్న వేగం వాటిది. అక్కడే నాకు అసలు ప్రశ్న ఎదురైంది: గేమ్ రాసినవాళ్ల మెషీన్‌ని తీసుకోవాలా, మనం ఆడిన మెషీన్‌నా? రెండిటికీ చెరో కాన్ఫిగ్ పెట్టి, రాసినవాళ్ల మెషీన్‌నే డిఫాల్ట్ చేశాను. రాక్షసులు తరిమేటప్పుడు సొరంగం తవ్వి తప్పించుకునే వ్యవధి 300 దగ్గరే సరిగ్గా సరిపోతోంది. గేమ్ కష్టం ఎంతుండాలో నిర్ణయించింది ఆ వేగమే. వింగ్ కమాండర్‌కి 3000 దగ్గర మొదలుపెట్టి కొద్దికొద్దిగా పెంచుతూ, గురిపెట్టడం కష్టమయ్యేలోపు 4000 దగ్గర ఆపాను.

ప్రోగ్రామ్ మొదలవగానే రన్‌టైమ్ ఎర్రర్ 200 అని ఆగిపోతే, అదీ వేగం జబ్బే. టర్బో పాస్కల్‌లో రాసిన ప్రోగ్రాములు కొన్ని మొదట్లోనే ఒక లూప్ తిప్పి ప్రాసెసర్ వేగం కొలుస్తాయి. ప్రాసెసర్ మరీ వేగంగా ఉంటే భాగహారంలో వచ్చే జవాబు 16 బిట్లలో పట్టదు. సైకిల్స్ తగ్గిస్తే పోతుంది.

ప్రిన్స్ ఆఫ్ పర్షియా మాత్రం గడియారం చూసే గేమ్. సైకిల్స్ పెంచినా యువరాజు పరుగు పెరగదు. మరీ తగ్గిస్తే మాత్రం మొత్తం ఆట నీరసిస్తుంది. అతనికిచ్చిన గడువు 60 నిమిషాలు. స్పేస్ కొడితే ఎంత మిగిలిందో చూపిస్తుంది. ఆ నిమిషాన్నీ ఫోన్‌లో స్టాప్‌వాచ్ నిమిషాన్నీ పక్కపక్కన పెట్టి చూస్తే సైకిల్స్ సరిపోయాయో లేదో తెలిసిపోతుంది. 3000 దగ్గర రెండూ కలిసే నడుస్తున్నాయి.

ప్రిన్స్ దగ్గరే బొమ్మ ఆకారం సంగతి కూడా తేలింది. తెర 320 బై 200 పిక్సెళ్లు. దాన్ని అలాగే పెద్దది చేస్తే మనిషి పొట్టిగా, లావుగా వస్తాడు. అప్పటి మానిటర్లు 4:3. అదే 320 బై 200 బొమ్మ ఆ గాజు నిండా పరుచుకునేది కాబట్టి ఒక్కో పిక్సెల్ వెడల్పుకంటే ఎత్తు 1.2 రెట్లు ఉండేది. జోర్డన్ మెక్నర్ తన తమ్ముడు పరిగెత్తుతుంటే, దూకుతుంటే వీడియో తీసి, దాన్ని చూసి గీసిన కదలికలు ఇవి. ఆ శరీరం కొలత చెడితే పరుగులో అందమే పోతుంది. స్టేజింగ్‌లో ఆస్పెక్ట్ కరెక్షన్ మొదటినుంచీ ఆన్‌లోనే ఉంటుంది, పాత డాస్‌బాక్స్‌లో మనమే ఆన్ చేసుకోవాలి. తెరకి రెండు పక్కలా నల్లపట్టీలు మిగులుతాయి. వాటిని నింపడానికి బొమ్మను సాగదీయొద్దు.

మొదటి లెవల్ అయ్యాక మాన్యువల్‌లో ఫలానా పేజీ, ఫలానా వరుస, ఫలానా మాట మొదటి అక్షరం ఉన్న మందు తాగమంటుంది. కాబట్టి మాన్యువల్ స్కాన్ దగ్గరుంచుకోండి. ఐమూలగా దూకడానికి నంబర్‌ప్యాడ్‌లో 7, 9 వాడాలి. నా ల్యాప్‌టాప్‌కి నంబర్‌ప్యాడ్ లేదు. కంట్రోల్ ఎఫ్1 కొడితే వచ్చే కీమ్యాపర్‌లో ఆ రెండింటినీ క్యూ, ఈ అక్షరాలకి ఇచ్చాను. ఇదంతా ఎందుకనుకునేవాళ్లకి ఎస్‌డీఎల్‌పాప్ ఉంది. డాస్ వెర్షన్‌ని విప్పి చూసి తిరిగి రాసిన ప్రోగ్రామ్ అది. ఎఫ్6తో సేవ్, ఎఫ్9తో లోడ్. పిల్లలకి నేను అదే ఇస్తాను.

డూమ్ విషయంలో వేగం ఇంకో రూపంలో వచ్చింది. 320 బై 200 మోడ్‌లో వీజీఏ (అప్పటి పీసీ గ్రాఫిక్స్ ప్రమాణం) తెర సెకనుకి 70 సార్లు తిరిగి గీసేది. డూమ్ అందులో సరిగ్గా సగం, సెకనుకి 35 ఫ్రేములు. ల్యాప్‌టాప్ తెర 60 హెర్ట్జ్‌ది. 70ని 60లో ఇమడ్చాలంటే కొన్ని ఫ్రేములు వదిలేయక తప్పదు. పక్కకి తిరిగినప్పుడల్లా గోడ చిన్నగా కుదుపుతుంది. తెర మొత్తం పైకీ కిందకీ జరిగే పిన్‌బాల్ గేముల్లో ఇది ఇంకా బాగా కనిపిస్తుంది. సెట్టింగులతో దీనికి పూర్తి మందు లేదు. రిఫ్రెష్ రేటుని అవసరాన్నిబట్టి మార్చుకోగల మానిటర్ ఒకటి స్నేహితుడి దగ్గర ఉంటే దానికి తగిలించి చూశాను. కుదుపు పోయింది. కొత్త మానిటర్ కొనేటప్పుడు ఈ ఒక్క గుణం కోసమే చూస్తాను.

డూమ్ సంగీతం బాబీ ప్రిన్స్ రోలాండ్ ఎస్‌సీ-55 అనే మిడీ వాయిద్య పెట్టె మీద చేశారు. స్టేజింగ్‌లో మిడీని వాయించే ఫ్లూయిడ్‌సింత్‌కి మంచి సౌండ్‌ఫాంట్ (వాయిద్యాల ధ్వనుల ఫైల్) ఇచ్చి, గేమ్ సెటప్‌లో జనరల్ మిడీ ఎంచుకుంటే దాదాపు ఆ ధ్వని వస్తుంది. ఇక్కడ మాత్రం నేను రెండో దారి, అంటే మనం ఆడిన మెషీన్ దారి, పట్టాను. మన దగ్గర చాలామంది విన్నది సౌండ్ బ్లాస్టర్ సౌండ్ కార్డు మీద ఉండే ఎఫ్‌ఎం చిప్ ధ్వని. గిటార్ గిటార్‌లా ఉండదు, ఏదో ఇనుప రేకు అదిరినట్టు ఉంటుంది. డూమ్‌కి నాకు అదే నప్పుతుంది. సెటప్‌లో సౌండ్ బ్లాస్టర్ అడ్రస్ 220, ఐఆర్‌క్యూ 7, డీఎంఏ 1 ఇస్తే చాలు, డాస్‌బాక్స్‌లో ఉండేవి అవే.

జూలై

విండోస్ 95 నాటి గేములకి డాస్‌బాక్స్ పనికిరాదు. మామూలు వర్చువల్ మెషీన్‌లో విండోస్ 95 పెడితే ప్రొటెక్షన్ ఎర్రర్ వచ్చి ఆగుతుంది. మళ్లీ వేగమే కారణం. విండోస్ 95లో సమయం కొలిచే లూప్ ఒకటి అప్పటి ప్రాసెసర్ల కోసం రాసింది. 350 మెగాహెర్ట్జ్ ఏఎండీ కే6-2 వచ్చినప్పుడే అది భాగహారం దగ్గర కూలింది. ఇప్పటి ప్రాసెసర్ వేగాన్ని నేరుగా చూపిస్తే ఎలా తట్టుకుంటుంది?

అందుకని 86బాక్స్. ఇది మదర్‌బోర్డు నుంచి సౌండ్ కార్డు దాకా ఒక్కో భాగాన్నీ విడిగా నకలు చేస్తుంది. నేను కట్టిన పీసీ: పెంటియం ఎంఎంఎక్స్ 166, 64 ఎంబీ ర్యామ్, ఎస్3 ట్రయో64 వీడియో కార్డు, సౌండ్ బ్లాస్టర్ 16. బయోస్‌లోకి వెళ్లి హార్డ్ డిస్కుని గుర్తించమనాలి, ఎఫ్‌డిస్క్‌తో పార్టిషన్ చేయాలి, ఫార్మాట్ చేయాలి, ఆ తర్వాతే విండోస్. 2 జీబీ దాటిన పార్టిషన్ కావాలంటే విండోస్ 95లో ఓఎస్‌ఆర్2 వెర్షన్ తీసుకోండి, మొదటి వెర్షన్‌కి ఫ్యాట్32 తెలియదు. డ్రైవర్లని లోపలికి పంపడానికి వాటిని ఒక ఫోల్డర్‌లో వేసి ఐఎస్‌ఓ చేసి, లోపలి సీడీ డ్రైవ్‌లో పెడితే సరిపోతుంది.

86బాక్స్ కిటికీ పైపట్టీలో ఒక శాతం కనిపిస్తూ ఉంటుంది. అది 100 ఉంటే లోపలి పీసీ అసలు వేగంతో నడుస్తున్నట్టు. తగ్గితే ఆట మందగిస్తుంది, శబ్దం తెగుతుంది. ఎంఎంఎక్స్ 166 దగ్గర నా ల్యాప్‌టాప్ 100 నిలబెట్టుకుంటోంది. ఛార్జర్ తీసేస్తే మాత్రం పడిపోతోంది. దీనికి కోర్లు ఎన్నున్నాయన్నదానికంటే ఒక్క కోర్ ఎంత గట్టిదన్నదే ముఖ్యం. ఎక్కువ అంకె కావాలని లోపల 233 పెట్టి 70 శాతంతో నడపడంకంటే, 133 పెట్టి నిండా 100తో నడపడం ఎంతో మేలు.

నీడ్ ఫర్ స్పీడ్ 2 ఎస్‌ఈ మామూలు కార్డుతోనూ నడుస్తుంది, కానీ దాని మెరుగైన బొమ్మ కావాలంటే 3డీఎఫ్‌ఎక్స్ వాళ్ల వూడూ అనే 3డీ గ్రాఫిక్స్ కార్డు ఉండాలి. 86బాక్స్‌లో వూడూ ఉంది, కానీ తగిలించగానే శాతం పడిపోయింది. ఇలాంటివాటికి వేరే ఉపాయం ఉంది. గేమ్‌ని 86బాక్స్ లోపలి విండోస్ 95లో ఇన్‌స్టాల్ చేయాలి. అప్పటి చాలా గేములు 32-బిట్‌వే అయినా ఇన్‌స్టాలర్ మాత్రం 16-బిట్‌ది కావడంతో విండోస్ 11లో అదొక్కటే అడ్డుపడేది. ఇన్‌స్టాల్ అయ్యాక లోపలి పీసీని షట్‌డౌన్ చేసి, దాని వీహెచ్‌డీ డిస్క్ ఫైల్‌ని విండోస్ 11లో డబుల్ క్లిక్ చేస్తే మామూలు డ్రైవ్‌లా తెరుచుకుంటుంది. గేమ్ ఫోల్డర్‌ని బయటికి కాపీ చేసుకుని, గ్లైడ్ (వూడూ కార్డుతో గేములు మాట్లాడే భాష) పిలుపులని ఇప్పటి గ్రాఫిక్స్‌కి మార్చే ఎన్‌గ్లైడ్ వేస్తే ల్యాప్‌టాప్ మీద నేరుగా నడిచింది. 1997లో ఖరీదైన కార్డు ఉన్నవాళ్లకే కనిపించిన రోడ్డూ ఆకాశమూ ఇవి. ఇది చూసినప్పుడు నిజంగా చాలా సంతోషమేసింది.

ఏజ్ ఆఫ్ ఎంపైర్స్‌లో నీళ్లు, గడ్డి వంకర రంగుల్లోకి మారడం చాలామంది చూసే ఉంటారు. గేమ్ వాడేది 256 రంగుల ప్యాలెట్, దాన్ని విండోస్ మధ్యలో మార్చేయడం వల్ల వచ్చే తేడా అది. పాత గేముల బొమ్మని ఇప్పటి విండోస్‌లో సరిగ్గా గీయించే సీఎన్‌సీ-డీడ్రా ఫైళ్లని గేమ్ ఫోల్డర్‌లో పెడితే పోతుంది.

అడ్వెంచర్ గేములకి స్కమ్‌వీఎం. ఇది మెషీన్‌ని నకలు చేయదు, గేమ్‌ని నడిపే ఇంజిన్‌నే కొత్తగా రాసిన ప్రోగ్రామ్ కాబట్టి వేగం గొడవే లేదు. ఇప్పుడే మొదలుపెట్టేవాళ్లు బినీత్ ఎ స్టీల్ స్కైతో మొదలుపెట్టండి. 2003 నుంచి అది ఉచితం, స్కమ్‌వీఎం వాళ్లే ఇస్తారు.

ఇంకా మిగిలినవి

క్వేక్ సీడీలో ఆరో ట్రాక్ మధ్యలో తెగుతోంది, వేరే డ్రైవ్‌లో పెట్టి మళ్లీ తీయాలి. 5.25 అంగుళాల ఫ్లాపీలు కొన్ని ఉన్నాయి, యూఎస్‌బీ డ్రైవ్ వాటికి పనికిరాదు. పాత ఫ్లాపీ డ్రైవ్‌ని యూఎస్‌బీకి కలిపే గ్రీజ్‌వీజిల్ బోర్డు, పనిచేసే పాత డ్రైవ్ రెండూ కావాలి. బోర్డు ఆర్డర్ పెట్టాను, డ్రైవ్ కోసం వెతుకుతున్నాను. హైదరాబాద్‌లో గానీ విజయవాడలో గానీ ఎవరి దగ్గరైనా హెడ్ బాగున్న 5.25 అంగుళాల 1.2 ఎంబీ డ్రైవ్ ఉంటే చెప్పండి. దాంతో మీ ఫ్లాపీలు కూడా చదివి ఇమేజ్‌లు తీసి ఇస్తాను.