గోడ మీద గాజు ముక్కలు: మా పాత గుడిని నిలబెట్టుకున్న అనుభవం

2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుఫాను మా గుడి పైకప్పు నుంచి సగం బంగాళా పెంకుల్ని ఎత్తుకుపోయింది. చర్చి అని బయట అంటాం గానీ, విశాఖ వన్ టౌన్‌లో మా ఇళ్ళలో అది గుడే. టార్పాలిన్లు కప్పుకుంటూ మూడేళ్ళు నెట్టుకొచ్చాం. ఒక ఆదివారం ఆరాధన మధ్యలో అరచెయ్యంత సిమెంటు పెచ్చు ఊడి ఖాళీ బెంచీ మీద పడింది. తర్వాతి నెలలో సంఘం వ్యవహారాలు చూసే పాస్టరేట్ కమిటీ తీర్మానం చేసింది. పాత గుడి పడగొట్టాలి, కింద పార్కింగు, పైన స్లాబు వేసి కొత్త గుడి, దాని పైన ఫంక్షన్ హాలు.

మా నాయనమ్మ పెళ్ళి, నా బాప్తిస్మం, మా అమ్మ భూస్థాపన ఆరాధన అన్నీ అక్కడే జరిగాయి. నోటీసు బోర్డు మీద ఆ కాగితం చదువుతుంటే నాకు కాళ్ళు చల్లబడిపోయాయి. సంఘం పేరు ఇక్కడ రాయడం లేదు. ఆ రోజుల్లో మాటా మాటా అనుకున్నవాళ్ళం అందరం ఇప్పటికీ ప్రభు సంస్కారానికి ఒకే బల్ల దగ్గర మోకరిస్తాం.

నేను బడిలో సోషల్ చెప్పి రిటైరయ్యాను. అందుకే నాకు ముందు తోచింది చరిత్ర. సంఘ సమావేశంలో లేచి నిలబడి చెప్పాను. 1805లో లండన్ మిషన్ తరఫున జార్జి క్రాన్, అగస్టస్ డెగ్రాంజ్ మన విశాఖపట్నంలోనే దిగారు, ఇక్కడే తెలుగు నేర్చుకున్నారు, ఆనందరాయర్ సాయంతో సువార్తల్ని తెలుగు చేశారు, అవి 1812లో బెంగాల్లోని సేరంపూర్‌లో అచ్చయ్యేసరికి ఇద్దరూ బతికి లేరు. ఆ నేల మీద మనం ఉన్నామని అన్నాను. అందరూ మర్యాదగా విన్నారు. చివర్లో చంటిపిల్లను ఎత్తుకున్న ఒక అమ్మాయి లేచి, "అంతా నిజమే టీచర్ గారూ. ఆ పెచ్చు పడిన బెంచీ మీద ముందు వారం నా పిల్ల పడుకుంది" అంది.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. ఆ అమ్మాయి అన్నది న్యాయం. కూల్చాలన్నవాళ్ళకి గుడి మీద ప్రేమ లేక కాదు, భయం ఉంది. భయానికి జవాబు చరిత్ర కాదు, గోడ గట్టిదో కాదో తేల్చడం.

నాకు తెలిసిన రిటైర్డ్ స్ట్రక్చరల్ ఇంజనీరు ఒకాయన ఉన్నారు. ఫీజు వద్దన్నారు గానీ ఒక షరతు పెట్టారు: "గోడ బాగాలేదని తేలితే అదే రాస్తానమ్మా, ఒప్పుకుంటారా?" ఒప్పుకున్నాను. ఆ క్షణంలో ఎంత టెన్షన్ పడ్డానో దేవుడికే తెలుసు. ఆయన ప్రతి పగులుకీ అడ్డంగా పల్చటి గాజు ముక్క అతికించి, దాని పక్కన తేదీ రాశారు. గోడ కదులుతుంటే గాజు పుటుక్కున విరుగుతుంది, కదలకపోతే అలాగే ఉంటుంది. మొత్తం పదకొండు ముక్కలు. ఆరు నెలలు చూడాలన్నారు.

ఆ ఆరు నెలలు దొరకడమే పెద్ద పని అయింది. మాది సి.ఎస్.ఐ., అంటే చర్చ్ ఆఫ్ సౌత్ ఇండియా. దాని ఆస్తులు స్థానిక సంఘం పేరున ఉండవు, ట్రస్ట్ అసోసియేషన్ పేరున ఉంటాయి. పై అనుమతి లేకుండా ఇటుక కదపకూడదు. ఆ దరఖాస్తు వెళ్ళేలోగా ఇంజనీరు రిపోర్టు జత చేద్దామని మా పాస్టరు అయ్యగారిని బతిమాలాను. ఆయన కమిటీని ఒప్పించారు. మీ ఊళ్ళో ఇలాంటిది వస్తే ముందు ఆస్తి ఎవరి పేరున ఉందో కనుక్కోండి. వాదించడం తర్వాత. పురావస్తు శాఖ రక్షిత కట్టడంగా ప్రకటిస్తే బాగుంటుందని కూడా తిరిగాను. దానికి గెజిట్‌లో నోటిఫికేషన్ రావాలి, వచ్చాక ప్రతి మరమ్మతుకీ అనుమతి కావాలి అనేసరికి పెద్దలు బెదిరిపోయారు. రోజూ ఆరాధన జరిగే గుడికి ఆ దారి సరిపడదని నాకూ అనిపించి వదిలేశాను.

గాజు ముక్కలు అతికించాక కమిటీవాళ్ళని ఒక శనివారం వ్యానులో భీమిలి తీసుకెళ్ళాను. అక్కడి సెయింట్ పీటర్స్ చర్చి 1864లో ప్రతిష్ఠ చేసింది. మాకులాగే సముద్రం గాలి, మాకులాగే ఉప్పు. అయినా నిలబడి ఉంది. లోపల రంగుటద్దాల కిటికీ మీద ఎండ పడుతుంటే మా కోశాధికారి గారు చాలాసేపు మాట్లాడలేదు. డచ్చివాళ్ళ సమాధుల దగ్గర టీ తాగుతూ ఉండగా ఆయనే, "మన గోడలకి ఏమైందంటావమ్మా?" అని అడిగారు. నాతో ఆయన నేరుగా మాట్లాడటం నాలుగు నెలల్లో అదే మొదటిసారి.

ఆ ప్రశ్నకి జవాబు ఒక ముసలి తాపీ మేస్త్రి చెప్పాడు. సున్నం పని తెలిసినవాళ్ళ కోసం విజయనగరం వైపు పల్లెల్లో తిరిగి తిరిగి ఆయన్ని పట్టుకున్నాం. వచ్చి గోడని వేళ్ళ ముడులతో కొట్టి విన్నాడు. చెంప ఆనించాడు. గీకి నాలిక మీద వేసుకున్నాడు. "గోడకేటవలేదమ్మా. లోపల చెమట పట్టింది. బయటికి రానీకుండా మీ సిమెంటు తలుపేసేసింది. తీసి ఒగ్గేయండి, ఆరతాది" అన్నాడు.

ఎప్పుడో బాగుచేస్తున్నామనుకుని సున్నపు గోడ మీద సిమెంటు పూశారు. సున్నం తేమని పీల్చి వదులుతుంది, సిమెంటు వదలనివ్వదు. నేలలోంచి ఎక్కిన నిమ్ము లోపలే ఉండిపోతుంది, దాంతో వచ్చిన ఉప్పు పేరుకుని ఉబ్బి ఇటుకని పొడి చేస్తుంది. మా బెంచీ మీద పడిన పెచ్చు గుడిది కాదు, ఆ పూతది. ఈ సంగతి తెలిసిన రోజు నేను గుళ్ళో ఒక్కదాన్నే కూర్చుని ఏడ్చాను.

ఆరు నెలలకి పది గాజు ముక్కలు చెక్కుచెదరలేదు. నైరుతి మూలది విరిగింది. అక్కడ వాన గొట్టం పగిలి నీళ్ళన్నీ పునాదిలోకి పోతున్నాయి. ఇంజనీరు గారు రెండూ దాచకుండా రాశారు. కమిటీ ఓటు వేసింది. కూల్చే తీర్మానం ఒక్క ఓటు తేడాతో వెనక్కి పోయింది. ఓడినవాళ్ళు పార్కింగు సంగతేమిటని అడిగారు. ఆదివారాలు పక్క బడి ఆవరణ వాడుకునేలా మాట్లాడాం. వాళ్ళు అడిగింది తప్పు కాదు.

పని తుఫాన్ల రోజులు దాటాక, డిసెంబరులో మొదలైంది. సిమెంటంతా ఒలిచి నాలుగు నెలలు గోడల్ని ఉత్తగా ఆరనిచ్చాం. ఆరాధనలు షామియానా కింద. గుల్ల సున్నం గోతిలో నానబెట్టి, ఇసుకతో రుబ్బించి, కరక్కాయ నీళ్ళు, బెల్లం నీళ్ళు కలిపాడు మేస్త్రి. ఆయన పక్కన ఇద్దరు కుర్రాళ్ళని పెట్టాం. ఆయనతో ఆ పని పోకూడదని నా పట్టుదల. సున్నం గట్టిపడటానికి గాలి కావాలి, రోజులు కావాలి. తొందరపెట్టినవాళ్ళకి ఆయన ఒకటే మాట, "ఆరనీయండి". పెంకులు మాత్రం కొత్తవి కుదరలేదు. వన్ టౌన్‌లో పడగొడుతున్న పాత ఇళ్ళ దగ్గర ఏరుకొచ్చాం. కొన్నిటి వెనకాల, ఒకప్పుడు మంగళూరులో పెంకులు చేసిన బాసెల్ మిషన్ ముద్ర ఉంది. సండే స్కూలు పిల్లలు వాటిని బ్రష్షులతో కడిగి ఎండబెట్టారు.

నైరుతి మూల మీద ఇప్పటికీ తెల్లగా ఉప్పు పూస్తుంది. నీళ్ళతో కడిగితే మళ్ళీ గోడలోకే పోతుంది కాబట్టి పొడి బ్రష్షుతో దులిపి, చేటలోకి ఎత్తి బయట పారెయ్యాలి. శనివారం శనివారం నాతో ఆ పని చేసేది ఆ చంటిపిల్ల తల్లే. పిల్ల ఇప్పుడు బడికెళ్తోంది. మొదట్లో చేటకి సగం వచ్చేది. పోయిన వారం దోసెడు వచ్చింది.