ఆ పేరు కోసం పాజ్ నొక్కాను

మొన్న రాత్రి మెక్సికో దర్శకుడు గియెర్మో దెల్ తోరో సినిమా 'పాన్స్ లాబిరింత్' మళ్లీ చూశాను. ఈసారి అయిపోగానే లేవకుండా చివరి పేర్లన్నీ చదువుతూ కూర్చుని, నిర్మాతల దగ్గర పాజ్ నొక్కాను. బెర్తా నవారో, మెక్సికో నిర్మాత. ఆయనవే 'క్రోనోస్'లోనూ ఈ పేరే, 'ద డెవిల్స్ బ్యాక్‌బోన్'లోనూ ఈ పేరే.

నిర్మాత అంటే మనకు డబ్బు పెట్టే ఆసామి. ఈవిడ పని వేరు, డబ్బు లేని చోట డబ్బు పుట్టించడం, అది వచ్చేదాకా దర్శకుణ్ణి వదలకుండా ఉండడం.

1970ల మొదట్లో మెక్సికోలో దర్శకుల యూనియన్ కొత్తవాళ్లను దాదాపు రానిచ్చేది కాదు. ఆ రోజుల్లోనే పాల్ లెదుక్ తీసిన 'రీడ్: మెక్సికో ఇన్సుర్హెంతె' నిర్మాణంలో ఉన్నారావిడ. మెక్సికో విప్లవాన్ని రాయడానికొచ్చిన అమెరికన్ విలేకరి జాన్ రీడ్ కథ అది. స్టూడియోల జోలికి పోకుండా 16 ఎంఎం అనే సన్నపాటి చవక ఫిల్మ్ మీద తీశారు, మొత్తం పాత ఫొటోల్లాంటి గోధుమరంగు. చివర్లో రీడ్ ఒక షాపు అద్దం పగలగొట్టి లోపలి కెమెరా తీసుకుంటాడు చూడండి, అక్కడ నాకు ఒళ్లు జలదరించింది.

తర్వాత 1991లో దర్శకుడు నికొలాస్ ఎచెవర్రియా తీసిన 'కబేసా దె వాకా'కూ ఆవిడే నిర్మాత. దానికి మేకప్ ఎఫెక్ట్స్ చేసిన కుర్రాడే గియెర్మో దెల్ తోరో! అతని మొదటి సినిమా 'క్రోనోస్'ను నిర్మించిందీ ఈవిడే. అరచేతిలో పట్టే బంగారు పురుగులాంటి యంత్రం, కాళ్లు విప్పి ముసలాయన చేతిని గుచ్చి పట్టుకుంటుంది. అలాంటి కథకు, ఒక్క సినిమా కూడా తీయని కుర్రాణ్ణి నమ్మి డబ్బు ఎవరిస్తారు? షూటింగ్ మధ్యలో డబ్బు అయిపోయి, అందులో నటిస్తున్న అమెరికన్ నటుడు రాన్ పెర్ల్‌మన్ పారితోషికం తగ్గించాల్సి వచ్చినా ఆయన వెళ్లిపోలేదు. 1993లో కాన్స్ చిత్రోత్సవంలోని క్రిటిక్స్ వీక్ విభాగంలో ఆ సినిమాకు అవార్డు వచ్చింది.

1990ల చివర్లో ఆవిడ దెల్ తోరోతో, మరికొందరితో కలిసి 'టెకీలా గ్యాంగ్' అనే కంపెనీ పెట్టారు. 'పాన్స్ లాబిరింత్'కు మూడు ఆస్కార్లు వస్తే, అందులో ఛాయాగ్రహణానికి వచ్చింది ఆవిడ సొంత తమ్ముడు గియెర్మో నవారోకే దక్కింది. అంత పెద్ద విజయానికి ముందూ తర్వాతా కూడా ఆవిడ చిన్న సినిమాలను వదల్లేదు, ఈక్వడార్ దర్శకుడు సెబాస్తియన్ కోర్దెరోతో 'క్రానికాస్', 'రాబియా' చేశారు. కొత్తవాళ్ల కోసం మెక్సికోలో స్క్రిప్ట్ ల్యాబులు, అంటే కథ రాసేవాళ్లకు పక్కనుండి సాయం చేసే శిబిరాలు నడిపారు. నన్నడిగితే ఆస్కార్ల కంటే అదే పెద్ద పని, ఎందుకంటే స్క్రిప్ట్ దశలో పక్కన కూర్చునే మనిషి దొరక్క ఆగిపోయిన కుర్రాళ్లు నాకు తెలుసు, వాళ్లలో ఇద్దరు నా స్నేహితులే.

ఈ వారాంతం 'రీడ్' మళ్లీ పెడుతున్నాను, వాళ్లిద్దరినీ రమ్మన్నాను.