రెండో వరస బెంచీలో నా పక్కన

1981లో నేను మన బడిలో ఏడో తరగతి. రెండో వరస బెంచీలో నా పక్కన కూర్చునే పిల్ల, పలకను వేలి కణుపుతో కొట్టి, మోగిన తీరునుబట్టి పగులుందో లేదో చెప్పేది. మార్కాపురం పిల్లలం గనక పలకలు అందరికీ తెలుసు, ఆ విద్య మాత్రం దానికొక్కదానికే వచ్చు. సెలవుల్లో వాళ్లమ్మతో పలకల పనికి వెళ్లేది మరి. ఆ యేడు సంక్రాంతి సెలవులయ్యాక బడికి రాలేదు.

తెలుగు అయ్యవారు మూడు సాయంత్రాలు వాళ్లింటికి నడిచారు. దారి చూపడానికి నేనూ వెంట వెళ్లాను. "అడ్వాన్సు తీసుకున్నాం అయ్యవారూ, అది తీరేదాకా పంపలేం" అంది వాళ్లమ్మ. పిల్ల గడప లోపలే నిలబడింది, జుట్టు నిండా పలకల పొడి. మూడో రోజు అయ్యవారు టంగుటూరి ప్రకాశం గారి సంగతి చెప్పారు. ఒంగోలులో పూటకూళ్లు నడిపి కొడుకుని పెంచిన తల్లి గురించి, ఆ కుర్రాణ్ణి చేరదీసి చదివించిన ఇమ్మానేని హనుమంతరావు నాయుడు గారి గురించి, ఆ కుర్రాడే 1953లో ఆంధ్ర రాష్ట్రానికి తొలి ముఖ్యమంత్రి కావడం గురించి. వాళ్లమ్మ కొంగుతో కళ్లు తుడుచుకుంది. పిల్లను మాత్రం పంపలేదు. ఆమెను తప్పు పట్టను. అప్పు ఆమెది, ఆకలీ ఆమెదే.

1988లో కేంద్రం, పిల్లల్ని పని మాన్పించి బడికి పంపడానికి జాతీయ బాలకార్మిక ప్రాజెక్టు పెట్టినప్పుడు తొలి విడతలోనే మన పలకల పరిశ్రమ ఉంది. అప్పటికి నా బెంచీ పిల్లకు పెళ్లయి ఇద్దరు పిల్లలు.

పిల్లల చదువుల కోసం చాలా ఏళ్లు ఊళ్లు తిరిగాక, రక్షణ, సంరక్షణ అవసరమైన పిల్లల సంగతి చూసే బాలల సంక్షేమ సమితిలో సభ్యురాలినయ్యాను. చైర్‌పర్సన్‌తో కలిపి అయిదుగురం. జువెనైల్ జస్టిస్ చట్టం మమ్మల్నీ బెంచీ అనే అంటుంది. ఫస్ట్‌క్లాస్ జ్యుడీషియల్ మేజిస్ట్రేటుకుండే అధికారాలిచ్చింది. అయితే ఎత్తు వేదిక మీద కూర్చోకూడదని నిబంధన. బిడ్డతో సమానంగానే కూర్చోవాలి. ఆ మాట రాసినవారెవరో గానీ ఎన్నిసార్లు మనసులో దండం పెట్టుకున్నానో!

పోలీసులకో, పిల్లల హెల్ప్‌లైన్ 1098 వాళ్లకో దొరికిన బిడ్డను ప్రయాణ సమయం పోను 24 గంటల్లోపు మా ముందుకు తేవాలి. అలా వచ్చిన బిడ్డ బిగుసుకుపోయి ఉంటాడు. ఊరడిగితే తప్పు చెబుతాడు, నాన్న పేరడిగితే నేల చూస్తాడు. అప్పుడు నేను ఫైలు మూసి అడిగేదాన్ని: "బళ్లో నీ పక్కన ఎవరు కూర్చునేవాళ్లు నాయనా?"

హోటల్లో ప్లేట్లు కడుగుతూ దొరికిన ఒక పిల్లాడు రెండు గంటలు నోరు విప్పలేదు. ఆ ప్రశ్నకు మాత్రం ఒక పేరు చెప్పి, "నా జామెట్రీ బాక్సు వాడి దగ్గరే ఉంది" అన్నాడు. ఆ మాట పట్టుకుని కదిలిస్తే బడి పేరు చెప్పాడు. హెడ్మాస్టారికి ఫోన్ చేశాం. కాసేపాగి ఆయనే మళ్లీ చేశారు. "మేడం, ఆ పక్కసీటు వాడు ఇక్కడే నిలబడ్డాడు. ఎప్పుడొస్తాడో అడగమంటున్నాడు."

ఈ పూర్వ విద్యార్థుల సంచిక కమిటీ వారికి నాదొక్క విన్నపం. మన పూర్వ విద్యార్థుల జాబితాలో పది పాసైనవాళ్ల పేర్లే ఉన్నాయి. అడ్మిషన్ రిజిస్టరు తీయండి. మధ్యలో ఆగిపోయినవాళ్ల పేర్లు అందులో ఉంటాయి. వాళ్లనీ సమావేశానికి పిలవండి. నా పక్కన కూర్చున్న ఆమె ఇల్లు నాకు తెలుసు, ఆ పిలుపు నేనే తీసుకెళ్తాను.