వెండితెర నుంచి దూరదర్శన్ దాకా వి.కె. మూర్తి

హిందీ దర్శకుడు గురుదత్ సినిమాల నలుపు తెలుపు అందాన్ని మెచ్చుకునేవారిలో చాలామంది, ఆ వెలుగునీడలను దిద్దిన ఛాయాగ్రాహకుడు వి.కె. మూర్తి తరువాతి కాలంలో టెలివిజన్‌కు చేసిన పనిని అంతగా పట్టించుకోరని నాకనిపిస్తుంది. 1923లో మైసూరులో పుట్టి, బెంగళూరు పాలిటెక్నిక్‌లో చదువుకున్న ఆయన 1959లో మన దేశపు తొలి సినిమాస్కోప్ (వెడల్పాటి తెర) చిత్రం ‘కాగజ్ కే ఫూల్’కు ఛాయాగ్రహణం చేశారు. అందులో ఒక పాట కోసం స్టూడియో బయటి ఎండను పెద్ద అద్దంతో పట్టి, మరో అద్దం మీదికి మళ్ళించి, చీకటిగా ఉన్న సెట్టులోకి ఏటవాలుగా దించారు. ఖాళీ స్టూడియో మధ్యలో ఆ వెలుగు స్తంభంలా నిలబడుతుంది. మాటలకందని ఎడబాటంతా అందులోనే ఉంది.

ఆనాటి ఇంటి టీవీలో అంతటి గాఢమైన నీడలు పెడితే మసి పూసినట్టుండేది. అయినా 1988లో దూరదర్శన్‌లో ప్రసారమైన, దేశ విభజన కథ ‘తమస్’కు గోవింద్ నిహలానీతో కలిసి, శ్యామ్ బెనెగల్ తీసిన భారత చరిత్ర ధారావాహిక ‘భారత్ ఏక్ ఖోజ్’కు కూడా ఆయన కెమెరా పట్టారు. విభజన నాటి వీధులకూ, పురాతన రాజసభలకూ ఒకే చేయి వెలుగునివ్వడం సామాన్యమైన సంగతి కాదు. 2008 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం ఆయనకు దక్కింది. ఒక ఛాయాగ్రాహకుడికి ఆ గౌరవం అందడం అదే మొదటిసారి, అదీ ఎనభై దాటాక.