సోలెడు అనుములు బాకీ

సంక్రాంతి వెళ్లిన నాలుగో రోజు పొద్దున్నే లింగంపల్లిలో జహీరాబాద్ బస్సెక్కాను. నాతో పాటు మా బి.ఎడ్. కాలేజీలో చదువుతున్న ఒక అమ్మాయి. బ్యాగులో నలభై ప్రశ్నపత్రాల కాపీలు, రెండు పెన్నులు, ఒక రికార్డరు. పర్యావరణ విద్య మీద పిహెచ్‌డి చేస్తున్నాను. మన బడుల్లో, కాలేజీల్లో సుస్థిరత, అంటే రేపటివాళ్లకూ మిగిలేలా ప్రకృతిని వాడుకోవడం అనే పాఠం పిల్లలకు ఎలా చేరుతోందన్నది నా అంశం. రెండేళ్లుగా క్లాసురూములే తిరిగాను. "బడి బయట ఈ చదువు ఎక్కడైనా జరుగుతోందేమో చూశావా?" అని మా గైడ్ అడిగినప్పుడు నాకు వెంటనే గుర్తొచ్చింది పస్తాపూర్.

పస్తాపూర్ జహీరాబాద్ పట్టణానికి ఆనుకునే ఉంటుంది. డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ అనే స్వచ్ఛంద సంస్థ అక్కడే 1983లో పని మొదలుపెట్టింది. చుట్టుపక్కల ఊళ్లలో మహిళా సంఘాలు కట్టింది. ఆ సంఘాల్లో ఎక్కువమంది దళిత మహిళలు, కొద్దిపాటి చెలక భూములున్నవాళ్లు. పడావు పడ్డ భూముల్ని వాళ్లు మళ్లీ సాగులోకి తెచ్చుకున్నారు, పోగొట్టుకున్న విత్తనాల్ని ఊరూరా అడిగి వెతికి తెచ్చుకున్నారు. మొదటి నుంచీ వాళ్ల వెంట నడిచిన పి.వి. సతీష్ గారు 2023 మార్చిలో కన్నుమూశారు. 2019లో ఈ మహిళల పనికి ఐక్యరాజ్యసమితి అభివృద్ధి కార్యక్రమం వారి ఈక్వేటర్ ప్రైజ్ వచ్చింది. ఇవన్నీ నేను చదివినవే. ఏటా సంక్రాంతికి మొదలై నెల రోజులు ఊరూరా తిరిగే పాత పంటల జాతరను మాత్రం చదివితే సరిపోదనిపించి బయల్దేరాను.

సదాశివపేట దాటాక రోడ్డు మీద చెరుకు ట్రాక్టర్లు మొదలయ్యాయి. జహీరాబాద్ దగ్గరపడే కొద్దీ చెరుకు, అల్లం, ఆలుగడ్డ తోటలే. చిరుధాన్యాల సీమ అనుకుని వచ్చిన మా అమ్మాయి కిటికీలోంచి చూసి, "మేడం, జొన్న ఎక్కడా కనిపించట్లేదేంటి?" అంది. నీళ్లున్న చోట చెరుకు, అల్లమే కనిపిస్తాయి, జొన్న కావాలంటే లోపలి చెలకల్లోకి పోవాలి అని పక్కసీటు పెద్దాయన చెప్పాడు.

ఆ రోజు జాతర ఝరాసంగం వైపు ఒక ఊళ్లో ఉంది. మేం చేరేసరికి బండ్లు ఊరి మొదట్లో ఆగి ఉన్నాయి. పదికి పైగానే ఎడ్లబండ్లు. కొమ్ములకు రంగులు, మెడల్లో గంటలు, బండి చుట్టూ జొన్న దంట్లు, బంతిపూలు, మామిడి తోరణాలు. ఒక్కో బండిలో చిన్న చిన్న బుట్టలు, కుండలు, వాటి నిండా విత్తనాలు. డప్పు ముందు, పాట పాడుతూ ఆడవాళ్లు వెనక. ఊరి ఆడపడుచులు బిందెలతో ఎదురొచ్చి ఎడ్ల కాళ్లు కడిగారు. తర్వాత విత్తనాల బుట్టలకు పసుపు కుంకుమ పెట్టి దండం పెట్టుకున్నారు. పండక్కి గౌరమ్మకు పెట్టే శ్రద్ధే అందులోనూ కనిపించింది.

బండ్లు ఊరి మధ్య రావిచెట్టు కిందికి చేరాక పిల్లలంతా మూగారు. నేను పని మొదలుపెట్టాను. ఏడో తరగతి చదువుతున్న ఒక పిల్లవాణ్ణి పిలిచి నా ప్రశ్నపత్రంలో మూడో ప్రశ్న అడిగాను: విత్తన వైవిధ్యం ఎందుకు అవసరం? వాడు చేతులు కట్టుకుని, "జీవవైవిధ్యాన్ని కాపాడుట మనందరి బాధ్యత" అన్నాడు. పుస్తకంలో మాట. తప్పేం కాదు, నా పత్రంలో దానికి రెండు మార్కులు.

బండి పక్కన కూర్చున్న ఒక అవ్వ ఇదంతా వింటోంది. అరవై ఐదు, డెబ్బై మధ్య ఉంటుంది. వాణ్ణి దగ్గరికి పిలిచి, "కండ్లు మూస్కోరా" అంది. రెండు బుట్టల్లోంచి చెరో పిడికెడు తీసి వాడి అరచేతుల్లో పోసింది. వాడు బొటనవేలితో ఒక్కో గింజనూ దొర్లించాడు. చుట్టూ పిల్లలు అరుస్తున్నా వాడు తొందరపడలేదు. ఎడమ చేతిలో గింజను వేళ్ల మధ్య పట్టుకుని అంచు వెంట గోరుతో తడిమి, "ఇవి అనుములు. ముక్కున్నది" అన్నాడు. కుడిచేతిలోవి బొబ్బర్లు.

నేను ఆ గింజ తీసి చూశాను. అనుము గింజ అంచు మీద ఒక తెల్లటి గీత ఉబ్బెత్తుగా, చిన్న కొప్పులా ఉంటుంది. కళ్లకు ఎప్పుడూ కనిపించేదే, వేలికి మాత్రం ఆ రోజే తెలిసింది. అవ్వ వాణ్ణి మళ్లీ అడిగింది. "ఆన లేటయింది. జొన్న ఏసే అదును పోయింది. ఏం జేస్తవ్?" వాడు ఒక్క క్షణం కూడా ఆగకుండా, "కొర్ర ఏస్త. జల్ది చేతికొస్తది" అన్నాడు. నా మూడో ప్రశ్నకు అసలు జవాబు అది. వైవిధ్యం ఎందుకు అన్నదానికి వాడి దగ్గర జవాబు ఉంది. నేను అడిగిన తీరు దాన్ని బయటికి రానివ్వలేదు, అంతే.

మిగిలిన ముప్పై తొమ్మిది కాపీలూ బ్యాగులోనే ఉంచేశాను.

మధ్యాహ్నం అందరికీ ఊళ్లోనే భోజనం. జొన్నరొట్టె, అనుముల కూర, కొర్రన్నం. తింటూ ఒక అక్క ఆకుకూరల పేర్లు చెప్పుకుపోయింది: తుమ్మికూర, దొగ్గలికూర, జొన్న చెంచలి, గునుగు, ఎలుక చెవుల కూర. ఇవేవీ ఎవరూ విత్తరు. వానాకాలం చేలో వాటంతట అవే మొలుస్తాయి. కలుపు తీయడానికి వెళ్లిన మనిషి సాయంత్రానికి కొంగు నిండా కూరతో వస్తుంది. గడ్డిమందు కొట్టిన చేలో గడ్డితో పాటు ఈ కూరలూ పోతాయి. మా పాఠ్యపుస్తకాల్లో వీటిలో చాలావాటికి 'కలుపు మొక్క' అన్న పేరొక్కటే ఉంటుంది. మా అమ్మాయి నోట్సులో ఆ పేర్లన్నీ రాసుకుంది.

అందరూ ఒకే మాట అన్నారని చెప్తే అబద్ధమవుతుంది. చంటిబిడ్డను ఎత్తుకున్న ఒక చిన్నమ్మాయి నా పక్కకొచ్చి మెల్లగా చెప్పింది: "మా ఇంట్ల పత్తే ఏసినం మేడం. ఇరవై రకాలు ఏస్తే ఒక్కోటి ఒక్కోపారి కోయాలె. చేసేటోళ్లేరి? పత్తికైతే పైసలు ఒక్కపారే వస్తయి. రేషన్ల బియ్యం వస్తున్నయి, జొన్నలు ఎవరు తింటరు?" ఆమె మాటలో నాకు ఏ తప్పూ కనిపించలేదు. కూలీ, రేషన్, మార్కెట్ ధర. మేం చెప్పే పర్యావరణ పాఠంలో ఈ మూడు మాటలూ ఉండవు. చెట్లు నాటండి, ప్లాస్టిక్ వాడకండి అని ముగిస్తాం. ఈ పిల్ల లెక్కను పక్కన పెట్టి సుస్థిరత చెప్తే ఆ పాఠం ఆమె ఇంటి గడప దాటి లోపలికి రాదు.

మన దేశంలో ఈ చదువు తప్పనిసరి కావడానికి వెనక పెద్ద పోరాటమే ఉంది. పర్యావరణ న్యాయవాది ఎం.సి. మెహతా వేసిన కేసులో సుప్రీంకోర్టు 1991 నవంబరులో పర్యావరణాన్ని అన్ని స్థాయుల్లో నేర్పమని చెప్పింది. అమలు సరిగా లేదని ఆయన మళ్లీ కోర్టుకెక్కితే 2003లో సిలబస్ బాధ్యత జాతీయ స్థాయిలో పాఠ్యపుస్తకాలు తయారుచేసే ఎన్‌సీఈఆర్‌టీకి అప్పగించారు. డిగ్రీలో ఆరు నెలల కోర్సు వచ్చింది. మన ఇంటర్ పిల్లలు మొదటి ఏడాదిలో పర్యావరణ విద్య పరీక్ష రాస్తూ వచ్చారు. ఆ మార్కులు మొత్తంలో కలవవు, పాసైతే చాలు. ఒక కాలేజీలో నేను చూసిన ప్రాజెక్టు ఫైళ్లు ముప్పైకి ముప్పై ఒకటే షాపులో ప్రింటు తీసినవి. ముఖచిత్రం మీద ఆకుపచ్చ భూగోళంతో సహా అన్నీ ఒకటే. ఆ పిల్లల మీద నాకు కోపం రాలేదు. మేం అడిగింది ఫైలే కదా, వాళ్లు ఫైలే ఇచ్చారు.

సాయంత్రం మాచనూర్ వెళ్లాం. సొసైటీ పెట్టిన పచ్చసాలె అక్కడే. పాఠాలతో పాటు వ్యవసాయం, కుండలు చేయడం, వడ్రంగం లాంటి చేతిపనులు నేర్పే బడి. సెలవులు కాబట్టి పిల్లలు లేరు, చెట్లు చూసి వచ్చేశాం. సంఘం రేడియో కూడా ఆ ఊళ్లోదే. ఏర్పాట్లన్నీ ఎప్పుడో సిద్ధమైనా లైసెన్సు కోసం ఏళ్ల తరబడి ఎదురుచూసి, చివరికి 2008 అక్టోబరు 15న ప్రసారాలు మొదలుపెట్టారు. గ్రామీణ మహిళలే నడిపే కమ్యూనిటీ రేడియో మన దేశంలో అదే మొదటిది.

రాత్రికి అవ్వ తన ఇంట్లోనే ఉండమంది. నులక మంచం మీద కూర్చుని నా పట్టిక తీశాను. 1977 అక్టోబరులో అప్పటి సోవియట్ జార్జియాలోని తిబిలీసీలో పర్యావరణ విద్య మీద చాలా దేశాలు కూర్చుని ఐదు లక్ష్యాలు ఖాయం చేశాయి: అవగాహన, జ్ఞానం, వైఖరి, నైపుణ్యం, భాగస్వామ్యం. నా పరిశోధన మొత్తం ఈ ఐదు గడుల మీదే నడుస్తోంది. పొద్దున పిల్లవాడి విషయం ఏ గడిలో రాయాలో ఎంతసేపటికీ తేలలేదు. ముక్కు తడమడం నైపుణ్యం. కొర్ర వేస్తాననడం జ్ఞానం. బుట్టకు దండం పెట్టడం వైఖరా? వాడికి ఇవేవీ విడివిడిగా రాలేదు. పెద్దవాళ్ల వెంట చేనుకు పోయిన పొద్దులన్నిట్లో కలిసే వచ్చాయి.

తెల్లారి అవ్వ మమ్మల్ని చేనుకు తీసుకుపోయింది. నల్లరేగడి. తెల్లజొన్న, శనగ, కుసుమ కలిపి వేసింది. బోరు లేదు, కాలువ లేదు. వీటిని ఇక్కడి ఆడవాళ్లు సత్యం పంటలు అంటారు. వానాకాలపు తడిని రేగడి లోపల దాచిపెడుతుంది. దానికి చలికాలపు మంచు తోడైతే పండుతాయి. ఆ మాట వినగానే నాకు ఒళ్లు జలదరించింది. పైనుంచి ఏమీ అడగకుండా మాట నిలబెట్టుకునే పంటకు అంతకన్నా మంచి పేరు ఏం పెడతారు?

మంచు ఇంకా ఆరలేదు. శనగాకు మీద చేయి రాసి నాలుకకు పెట్టుకొమ్మంది అవ్వ. మా అమ్మాయి అలాగే చేసి, "మేడం, పుల్లగా ఉంది!" అని కేకేసింది. శనగాకు నూగు మీద ఆమ్లాలు ఊరుతాయి. తినే పురుగుకు ఆ పులుపే కొంత అడ్డం. తర్వాత అవ్వ ఒక మొక్కను తవ్వి తీసి, మన్ను దులిపి నా చేతిలో పెట్టింది. వేరు పొడుగునా జొన్నగింజలంత బుడిపెలు. ఒకదాన్ని గోరుతో చిదిమాను, లోపల లేత ఎరుపు. రైజోబియం బ్యాక్టీరియా, వేరుబుడిపెలు, గాలిలోని నత్రజనిని మొక్కకు అందించే నత్రజని స్థాపన అని పదిహేనేళ్లు బోర్డు మీద బొమ్మ వేసి చెప్పాను. ఆ ఎరుపు బుడిపె బతికుందనడానికి, లోపల పని నడుస్తోందనడానికి గుర్తు. అవ్వకు రైజోబియం పేరు తెలియదు. "శెనగ ఏసిన తావుల మల్ల ఏడు జొన్న మంచిగైతది" అని తెలుసు. ఇద్దరం ఆ వేరును చెరో పక్కనుంచి చూస్తూ కాసేపు అక్కడే కూర్చున్నాం.

బయల్దేరే ముందు అవ్వ ఇంట్లో విత్తనాల బుట్ట దించింది. వెదురు బుట్టకు పేడ, ఎర్రమన్ను కలిపి మెత్తారు. లోపల గింజలకు బూడిద, పైన వేపాకు. సోలతో కొలిచి అనుములు నా కొంగులో పోసింది. నేను పర్సు తీయబోతే చేయి పట్టుకుంది.

"పైసలొద్దు బిడ్డా. వచ్చే జాతరకు సోలన్నర తెచ్చియ్యాలె."

"రాలేకపోతే అవ్వా?"

"నువ్వు రాకుంటె ఇంకొకలకు నేనేం ఇయ్యాలె?"

సంఘాల విత్తన బ్యాంకు నడిచేది కూడా ఈ పద్ధతిలోనే. తీసుకున్నదానికి కొంత కలిపి తిరిగివ్వాలి, ఆ ఎక్కువే కొత్తవాళ్లకు పెట్టుబడి. బస్సులో పట్టిక మళ్లీ తీసి, ఐదు గడుల పక్కన పెన్నుతో ఆరో గడి గీశాను. పైన 'తిరిగి ఇవ్వడం' అని రాశాను. నేను ఇన్నేళ్లుగా చెప్పిన పాఠాల్లో ఏ విద్యార్థి నుంచీ ఏదీ తిరిగి అడగలేదు. మార్కులు వేశాను, ఫైలు వెనక్కిచ్చాను, అక్కడితో ఆ పిల్లకూ ఆ పాఠానికీ సంబంధం తెగిపోయింది. గైడ్‌కు చూపించినప్పుడు, దీన్ని ఎలా కొలుస్తావని అడిగారు. సోలతో అని చెప్పాను. ఆయన నవ్వలేదు, రాసుకోమన్నారు.

జూన్ చివర్లో మొదటి వానలకు కాలేజీ ప్రహరీ వెంట అనుములు పెట్టాం. ఈసారి ఫైలు లేదు. క్లాసులో ఒక్కొక్కరికి రెండు పాదులు ఇచ్చాను, గింజ లెక్కపెట్టి మరీ. ఆగస్టులో వాన ముఖం చాటేస్తే హాస్టలు పిల్లలు స్నానాల గది నీళ్లు మళ్లించారు. పేనుబంక పట్టినప్పుడు ఒకమ్మాయి వాళ్ల నాయనమ్మకు ఫోన్ చేసి అడిగి బూడిద చల్లింది. చలి మొదలయ్యాక తీగ నిండా ఊదారంగు పూలొచ్చాయి. సెలవులకు ఇంటికి వెళ్లిన పిల్లలు ఫోన్ చేసి నా యోగక్షేమాల కంటే ముందు తమ పాదుల సంగతి అడిగారు.

నిన్నటి వరకు ఎండిన కాయ ఒలిచి కొలిస్తే సోల మీద గిద్దె (పావు సోల) వచ్చింది. సోలన్నర కావాలంటే ఇంకో గిద్దె తక్కువ. ఉత్తరపు గోడ పాదులకు కాయ ఇంకా పచ్చిగానే ఉంది. సంక్రాంతికి పన్నెండు రోజులుంది.