ఒట్టో రేహాగెల్‌ది లక్కు కాదబ్బా

మా తిరుపతిలో ఫుట్‌బాల్ చూసేవాళ్ళే తక్కువ, ఆ కొద్దిమంది కూడా కోచ్ అనంగానే క్లాప్ అంటారు, పెప్ అంటారు, కొంచెం వయసు మళ్ళినోళ్ళయితే మొరీన్యో అంటారు. ఒట్టో రేహాగెల్ అంటే "ఎవురబ్బా ఆయన" అని మొహం చూస్తారు. 2004 యూరో కప్పు ఈయన కోచ్‌గా గ్రీస్ గెలిచింది గుర్తుందా అంటే మాత్రం "ఓ ఆ బస్సు పార్కింగ్ టీమా (అంటే గోల్ ముందర బస్సు అడ్డం పెట్టినట్టు అందరూ వెనకాలే నిలబడి ఆడే టీమ్), లక్కులో కొట్టేసినారులే" అని ఒక్క ముక్కలో తేల్చేస్తారు. నాకు కాలేది అక్కడే. సరే ఆ ఒక్క నెల లక్కే అనుకుందాం, మరి దానికి ముందు పాతికేళ్ళు ఆయన జర్మనీలో చేసిందంతా ఏంది?

మనిషి పుట్టింది 1938లో, ఎస్సెన్ అని బొగ్గు గనుల ఊర్లో. నేర్చుకున్న పని పెయింటింగ్, అంటే బొమ్మలేసేది కాదు, గోడలకి రంగులేసే పని. జర్మనీ టాప్ లీగ్ బుండెస్‌లీగా మొదలైన 1963లోనే హెర్తా బెర్లిన్‌కి డిఫెండర్‌గా ఆడినాడు, తర్వాత కైజర్స్‌లాటర్న్‌కి పోయినాడు, మొత్తం 201 లీగ్ మ్యాచ్‌లు. పెద్ద స్టార్ ఏం కాదు, కాలు అడ్డం పెట్టి ఎదుటోడిని ఆపే రకం. 

కోచ్‌గా మొదట్లో తగిలిన దెబ్బ చూడండి. 1978 ఏప్రిల్ 29, సీజన్ ఆఖరి రోజు, ఈయన డార్ట్‌మండ్ కోచ్. ఎదురుగా మోన్‌షెన్‌గ్లాడ్‌బాఖ్. వాళ్ళకీ కొలోన్‌కీ పాయింట్లు సమానం, కానీ గోల్ డిఫరెన్స్‌లో, అంటే కొట్టిన గోల్స్‌లోంచి తిన్నవి తీసేస్తే మిగిలే లెక్కలో, కొలోన్ 10 గోల్స్ ముందుంది, కాబట్టి గ్లాడ్‌బాఖ్ వాళ్ళు లీగ్ టైటిల్ కోసం ఎన్ని వీలైతే అన్ని కొట్టాలి. కొట్టినారు, 12-0. బుండెస్‌లీగాలో ఇప్పటికీ అదే పెద్ద ఓటమి. అందులో 5 గోల్స్ యుప్ హైన్‌కెస్‌వే, అదే తర్వాత బయర్న్ మ్యూనిక్‌కి 2013లో మూడు కప్పులు తెచ్చిపెట్టిన కోచ్. అంత కొట్టినా కొలోన్ ఆ పక్క 5-0 గెలిచి టైటిల్ పట్టుకుపోయింది, డార్ట్‌మండ్ వాళ్ళు మాత్రం మర్నాడే రేహాగెల్‌ని ఇంటికి పంపించేసినారు. పన్నెండు గోల్స్ తిన్న కోచ్‌ని మళ్ళీ ఎవురన్నా పిలుస్తారా? రెండేళ్ళకే డ్యుసెల్‌డార్ఫ్‌తో జర్మన్ కప్పు గెలిచినాడు, ఫైనల్లో ఓడిపోయింది అదే కొలోన్.

అసలు కథ 1981లో బ్రెమెన్‌కి పోయినాక మొదలయ్యింది. ఒకే క్లబ్బులో 14 ఏళ్ళు. ఇప్పుడు 14 నెలలు ఉంటేనే గొప్ప. రూడీ ఫోలర్ లాంటోళ్ళు ఈయన చేతిలోనే ఎదిగినారు. కానీ మొదట్లో టైటిల్ మాత్రం ప్రతిసారీ వేళ్ళ సందుల్లో జారిపోయేది. 1983లో హాంబర్గ్‌తో పాయింట్లు సమానం, గోల్ డిఫరెన్స్‌లో పోయింది. 1986 అయితే ఇంకా ఘోరం. ఆఖరి మ్యాచ్‌కి ముందు మ్యాచ్, బ్రెమెన్ సొంత గ్రౌండ్‌లో బయర్న్‌తో 0-0, గెలిస్తే లీగ్ బ్రెమెన్‌దే. ఇంక అయిపోవస్తా ఉంది అనంగా పెనాల్టీ దొరికింది. బాల్ బయర్న్ ప్లేయర్ మొహానికి తగిలిందని కొందరు, చేతికని కొందరు, ఇప్పటికీ తెగని పంచాయితీ అది. కొట్టడానికి వచ్చింది మిషాయెల్ కుట్సోప్, పెనాల్టీ అంటే వదలనోడు. గోల్‌కీపర్ ఫాఫ్ ఒక పక్కకి దూకినాడు, బాల్ ఇంకో పక్కకి పోయింది, పోయి పోల్‌కి తగిలి బయటకి పోయింది. బుండెస్‌లీగాలో కుట్సోప్ మిస్ చేసిన పెనాల్టీ అదొక్కటే అంట. ఆఖరి రోజు స్టట్‌గార్ట్‌లో డ్రా చేసినా చాలు, 2-1 ఓడిపోయినారు, బయర్న్ 6-0 గెలిచి గోల్ డిఫరెన్స్‌తో లీగ్ ఎత్తేసింది. 

ఇట్లా రెండుసార్లు జరిగితే నేనైతే ఆట మానేసి పళ్ళ వ్యాపారం పెట్టుకుంటా. ఈయన మానలా. 1988లో, 1993లో లీగ్, 1991లో, 1994లో జర్మన్ కప్పు, మధ్యలో 1992లో యూరప్‌లో ఒక్కో దేశం కప్పు గెలిచిన క్లబ్బులు ఆడే కప్ విన్నర్స్ కప్. ఆ ఫైనల్ లిస్బన్‌లో బెన్ఫికా గ్రౌండ్‌లో, ఎదుట మొనాకో, ఆ మొనాకో కోచ్ ఆర్సేన్ వెంగర్, 2-0. ఊరు పేరు గుర్తుపెట్టుకోండి, మళ్ళీ వస్తుంది.

1995లో బయర్న్ పిలిచింది. ఈడ ఒక తమాషా ఉంది, ఆ సీజన్ ఆఖరి రోజు బ్రెమెన్ గెలిస్తే మళ్ళీ లీగ్ వచ్చేది, ఆ మ్యాచ్ ఎవురితోనో తెలుసా, బయర్న్‌తోనే, మ్యూనిక్‌లోనే, వచ్చే నెల నుంచి ఈయన పనిచేయబోయే చోటే. 3-1 ఓడిపోయినారు, టైటిల్ డార్ట్‌మండ్‌కి పోయింది. బయర్న్‌లో క్లిన్స్‌మన్ ఉన్నాడు, మథాయుస్ ఉన్నాడు, మొదటి 7 లీగ్ మ్యాచ్‌లు వరసగా గెలిచినారు కూడా. కానీ అది ఎట్లాంటి చోటంటే, పెళ్ళిలో వంటాయన దగ్గరికి పది మంది వచ్చి ఉప్పు ఎంతెయ్యాలో చెప్పినట్టు, బోర్డులో పెద్దలు, ప్లేయర్లు, పేపరోళ్ళు అందరూ చెప్పేవాళ్ళే. బ్రెమెన్‌లో అన్నీ తన మాట మీద నడిచిన మనిషికి అది ఒంటబట్టలా. 1996 ఏప్రిల్లో, యూరప్ క్లబ్బులు ఆడే యూఫా కప్ ఫైనల్‌కి టీమ్‌ని చేర్చినాక, ఫైనల్ ఆడకముందే తీసేసినారు. బెకెన్‌బావర్ వచ్చి ఆ కప్పు అందుకున్నాడు. నా దృష్టిలో ఆయన కెరీర్ మొత్తానికి తాళంచెవి ఈ ఒక్క ఏడాదే. పెత్తనం మొత్తం తన చేతిలో ఉన్న చోట ఈయన గెలిచినాడు, నలుగురు పెత్తందార్లు ఉన్న చోట నిలవలేకపోయినాడు, అంతే, ఇందులో లక్కు ఏముంది.

కైజర్స్‌లాటర్న్ సంగతి చెప్తే ఇది ఇంకా తెలుస్తుంది. అది మన చిత్తూరు కన్నా చిన్న ఊరు, లక్ష జనాభా. 1996లో రెండో డివిజన్‌కి పడిపోయింది, ఈయన పోయి ఏడాదిలో పైకి తెచ్చినాడు. పైకి వచ్చినాక మొదటి మ్యాచ్ 1997 ఆగస్టు 2న, మ్యూనిక్‌లో, బయర్న్‌తో. రాసి పెట్టినట్టుంది కదా. మ్యాచ్ చివర్లో షోన్‌బెర్గ్ అనే డెన్మార్క్ డిఫెండర్ తలతో కొట్టిన గోల్, 1-0. అప్పటికి అందరూ ఒకరోజు పండగ అనుకున్నారు, వీళ్ళేమో సీజన్ అంతా కిందికి దిగలా, మార్షల్ 21 గోల్స్ కొట్టినాడు, బయర్న్‌లో ఈయనతో ఉన్న స్ఫోర్జా మధ్యలో ఆట నడిపించినాడు, బెంచీ మీద నుంచి బాలాక్ అని ఒక కుర్రోడు అప్పుడప్పుడు దిగేవాడు. ఆఖరికి 68 పాయింట్లు, బయర్న్‌కి 66. కింది డివిజన్ నుంచి వచ్చిన ఏడాదే బుండెస్‌లీగా గెలిచిన టీమ్ ఇదొక్కటే, ముందూ లేదు తర్వాతా లేదు. ఇంగ్లండ్‌లో లెస్టర్ గెలిస్తే ప్రపంచమంతా డాన్సులేసింది, దీని గురించి మాత్రం ఎవురూ మాట్లాడరు.

ఇంక గ్రీస్. 2001లో పోయినాడు, భాష ముక్క రాదు, తోపాలిడిస్ అని జర్మన్ తెలిసిన అసిస్టెంట్ పక్కన ఉండి చెప్పాల్సిందే. మొదటి మ్యాచ్ ఫిన్లాండ్ మీద 5-1 ఓటమి. గ్రీస్ అంతకుముందు ఆడిందే రెండు పెద్ద టోర్నీలు, 1980 యూరో, 1994 వరల్డ్ కప్, రెండిట్లో ఒక్క మ్యాచ్ గెలవలా, 1994లో అయితే 10 గోల్స్ తిని ఒక్కటి కూడా కొట్టలా. యూరో క్వాలిఫయింగ్‌లో కూడా మొదటి రెండు మ్యాచ్‌లు ఓడిపోయినారు, ఆ తర్వాత వరసగా ఆరు గెలిచినారు, స్పెయిన్‌ని స్పెయిన్‌లోనే ఓడించి గ్రూప్‌లో టాప్. ఈ ఆరు మ్యాచ్‌లు ఎవురూ చూడలా కాబట్టి 2004 జూన్‌లో అందరికీ ఆకాశం నుంచి ఊడిపడినట్టు అనిపించింది.

చేసింది పాత పద్ధతే. ఎదుటి టీమ్‌లో ముఖ్యమైనోడికి ఒక మనిషిని అంటించేయడం, వెనకాల డెల్లాస్ అనే డిఫెండర్‌ని కాపలా పెట్టడం, కార్నర్ గానీ క్రాస్ గానీ దొరికితే తల పెట్టడం. పేపరోళ్ళు ఇది పాతకాలం ఆట అంటే గెలిచినోడే మోడర్న్ అని ఆయన జవాబు. మా ఊర్లో ఇప్పుడు టర్ఫ్‌లు వచ్చినాయి, ఆదివారం పొద్దున పోతాం, వచ్చే పిలకాయలందరికీ ముందర ఆడే స్టార్లు వేసుకునే 7 నంబరో 10 నంబరో టీషర్ట్ ఉంటాది, రేయ్ ఒకడు వెనకాల ఉండండిరా అంటే ఒక్కడూ ఉండడు, వెనకాల ఉండేవాడంటే ఆట రానోడని లెక్క. గ్రీస్ టీమ్‌లో, ఫ్రాన్స్ స్ట్రైకర్ ఆన్రీని మ్యాచ్ అంతా ఊపిరాడనీకుండా చేసిన సెయిటారిడిస్ రైట్ బ్యాక్ అని చెప్తే గమ్మున నవ్వుతారు.

ఫైనల్ జులై 4న, మనకి అర్ధరాత్రి పన్నెండుంబావుకి మొదలు. అప్పుడు యూనివర్సిటీ దగ్గర రూమ్‌లో ఉన్నాం, అందరూ పోర్చుగల్ పక్కే, ఆతిథ్య టీమ్, ఫీగో, కుర్ర రొనాల్డో. జరిగింది ఎక్కడ? లిస్బన్, బెన్ఫికా గ్రౌండ్. పాత స్టేడియం పక్కనే కట్టిన కొత్తది, కానీ అదే చోటు. 57వ నిమిషంలో బసినాస్ కార్నర్, ఖరిస్టియాస్ తల, 1-0, తర్వాత అరగంట పైన పోర్చుగల్ గోడకి తల కొట్టుకున్నట్టే. అయిపోయినాక రెండు దాటింది, నిద్ర పట్టక బస్టాండ్ దగ్గరికి టీకి పోయినాం, తిరుపతిలో ఆ టైమ్‌లో కూడా జనం ఉంటారు కదా, కొండ దిగొచ్చిన గుండ్లు, బ్యాగుల మీద పడుకున్న పిల్లకాయలు, టీ అంగట్లో ఒకాయన మా అరుపులు చూసి "ఇండియా గెలిచిందా నాయనా" అన్నాడు. గ్రీస్ అన్నా అంటే ఇంకో టీ పోసినాడు. 

తర్వాత జర్మనీ వాళ్ళే తమ టీమ్‌కి రమ్మని అడిగినారు, పోలా, గ్రీస్‌లోనే ఉండిపోయినాడు. 2008 యూరోలో మూడు మ్యాచ్‌లూ ఓడిపోయినారు, అది నిజంగా చూడలేనంత చప్పగా ఉంది, ఆ విషయంలో ఆయన తరఫున వాదించను. 2010లో నైజీరియా మీద 2-1, గ్రీస్‌కి వరల్డ్ కప్‌లో మొదటి గెలుపు. 2012లో 73 ఏళ్ళ వయసులో హెర్తా పిలిస్తే మళ్ళీ వచ్చినాడు, అప్పటికే మునుగుతా ఉన్న పడవ, ప్లేఆఫ్‌లో ఓడి రెండో డివిజన్‌కి పోయినారు, ఓడించింది డ్యుసెల్‌డార్ఫ్, తనకి మొదటి కప్పు ఇచ్చిన క్లబ్బే. 

ఆయన్ని కొత్తగా చూడాలనుకునేవాళ్ళు ఆ ఫైనల్‌తో మొదలుపెట్టొద్దండి, బోరు కొడుతుంది. అదే 2004 యూరోలో ఫ్రాన్స్‌తో క్వార్టర్ ఫైనల్ పెట్టండి, 65వ నిమిషం దగ్గరికి పోండి. కుడి పక్క గ్రీస్ ఆటగాడు జాగొరాకిస్ బాల్‌ని ఫ్రాన్స్ డిఫెండర్ లిజరాజు తల మీద నుంచి లేపి తానే పోయి అందుకుని క్రాస్ వేస్తాడు, మధ్యలో ఖరిస్టియాస్ దగ్గర ఒక్క ఫ్రాన్స్ డిఫెండర్ కూడా ఉండడు. మిగతాది కావాలంటే ఫార్వర్డ్ చేసుకోండి.